హంసావతి రాణి విహారదేవి

1423లో దిగువ బర్మాలో ఒక యుద్ధం సంధితో ఆగింది. ఆ సంధిలో భాగంగా ఒక అన్న తన చెల్లెల్ని శత్రురాజుకు ఇచ్చాడు. ఆమెకు అప్పటికి ఇరవై తొమ్మిదేళ్ళు. మొదటి భర్త చనిపోయి నాలుగేళ్ళవుతోంది. ముగ్గురు పిల్లల తల్లి. పుట్టినప్పుడు పెట్టిన పేరు విహారదేవి. బర్మా చరిత్రలో షిన్ సోబు అనే పేరుతో ప్రసిద్ధురాలు.

ఇలాంటి స్త్రీల కథలు మనకు చిన్నప్పటి నుంచీ ఒకే తీరుగా చెబుతూ వచ్చారు. దేశం కోసం, ధర్మం కోసం తన ప్రేమను త్యాగం చేసిన రాణి అంటారు. వినేవాళ్ళ కళ్ళు చెమర్చుతాయి, కథ ముగుస్తుంది. విహారదేవి గురించి రాద్దామని కూర్చున్నప్పుడు నేనూ అదే మాటతో మొదలుపెట్టాను. రెండు పేజీలు రాశాక ఆ మాట కొట్టేయాల్సి వచ్చింది. త్యాగం చేయాలంటే ముందు ఆ వస్తువు మన చేతిలో ఉండాలి. వదులుకునే హక్కు మనకు ఉండాలి. 1423లో విహారదేవి చేతిలో ఏమీ లేదు. ఆమె త్యాగం చేయలేదు, ఆమెను ఇచ్చేశారు. ఆమె స్వయంగా తీసుకున్న నిర్ణయాలు ఆ తర్వాత వచ్చాయి, వాటి గురించే మనం ఎక్కువ మాట్లాడుకోవాలి.

ముందు ఆ రాజ్యం సంగతి కొంచెం. బర్మా దక్షిణ భాగంలో, ఐరావతి నది సముద్రంలో కలిసే చోటికి తూర్పుగా పెగు నగరం ఉంది. పాలి భాషలో దాని పేరు హంసావతి. అక్కడివాళ్ళు మోన్ జాతి ప్రజలు. థేరవాద బౌద్ధులు. వాళ్ళ లిపి దక్షిణ భారతం నుంచి వెళ్ళిన బ్రాహ్మీ సంతతిదే, ఆ గుండ్రటి అక్షరాలు చూస్తే మన తెలుగు అక్షరాలకు దూరపు చుట్టాల్లా కనిపిస్తాయి. బర్మీయులు మోన్లను ‘తలైంగ్’ అనేవారు. అది ‘తెలింగ’ నుంచి వచ్చిందని ఆర్థర్ ఫేర్ లాంటి పాతతరం చరిత్రకారులు అన్నారు, తర్వాతివాళ్ళు చాలామంది ఒప్పుకోలేదు. ఆ తేలని వాదాన్ని పట్టుకుని ఈ రాణిని మన ఇంటి ఆడపడుచుగా చేసుకోవలసిన పనేమీ లేదు. బుద్ధుని ధమ్మంలో చుట్టరికం కలవడానికి రక్తసంబంధం అక్కర్లేదు కదా.

విహారదేవి తండ్రి రాజాధిరాజు. బర్మీయులు రజాదరిత్ అంటారు. 1384 నుంచి 1421 దాకా హంసావతిని ఏలాడు. ఎగువన ఆవా రాజధానిగా ఉన్న బర్మీయ రాజ్యంతో ఆయన చేసిన యుద్ధాన్ని చరిత్రలో నలభై ఏళ్ళ యుద్ధం అంటారు. విహారదేవి 1394లో పుట్టింది. అంటే యుద్ధంలోనే పుట్టి, యుద్ధంలోనే పెరిగింది. ఇరవయ్యో ఏట తండ్రి మేనల్లుడు వరసైన రాకుమారుడితో పెళ్ళయింది. ఒక కొడుకు, ఇద్దరు కూతుళ్ళు. ఇరవై అయిదేళ్ళకు భర్త చనిపోయాడు. ఆ సంసారం గురించి రాజవంశ చరిత్రల్లో ఉన్నది ఇంతే. ఆ గ్రంథాలు పట్టాభిషేకాలకూ దండయాత్రలకూ లెక్క రాసుకున్నాయి, స్త్రీ మనసుకు కాదు.

తండ్రి పోగానే ముగ్గురు కొడుకుల మధ్య తగువు మొదలైంది. పెద్దవాడు సింహాసనం ఎక్కాడు. తమ్ముళ్ళు తిరగబడ్డారు. ఆ సందు చూసుకుని ఆవా రాజు తిహతు సైన్యంతో దిగువకు వచ్చాడు. తమ్ముళ్ళలో బిన్యా రాన్ అతనితో సంధి చేసుకుని, చెల్లెలు విహారదేవిని ఇచ్చి పంపాడు. మరుసటి ఏడు, అంటే 1424లో, అన్న చనిపోగా బిన్యా రాన్ హంసావతికి రాజయ్యాడు. నలభై ఏళ్ళ యుద్ధమూ ఆగింది. చెల్లెలి వల్ల అతనికి దక్కినది చిన్నదేమీ కాదు. విహారదేవి కొడుకును ఆ మేనమామే పెంచుకున్నాడు.

ఆవా కోటలో ప్రేమ ఉన్నమాట నిజం. కానీ అది రాజుగారి ప్రేమ. తిహతు ఆమె మీద మనసుపడ్డాడని చరిత్రలు రాశాయి. రాజు మనసుపడితే అంతఃపురంలో ఏమవుతుందో మనకు తెలుసు. అంతకుముందు పట్టమహిషిగా ఉన్న షిన్ బో మే పక్కకు తోయబడింది. ఈ బో మే ముందు తిహతు తండ్రికి రాణి, తండ్రి చనిపోయాక కొడుక్కి రాణి అయింది. మనం ఆమెను దుష్టురాలు అని ఒక్క మాటతో తీసిపారేయడం తేలిక. కానీ ఆమె కూడా ఒకరి చేతి నుంచి ఇంకొకరి చేతికి మారిన స్త్రీయే. రాజు కళ్ళలో తప్ప ఆమెకు ఇంకెక్కడా చోటు లేదు, ఆ చోటు పోతే మిగిలేది ఏమీ లేదు. ఆమె ఒక షాన్ నాయకుడితో మంతనాలు జరిపి, 1425 ఆగస్టులో, ఔంగ్‌బిన్లే చెరువు పనులు చూడడానికి వెళ్ళిన తిహతును చంపించింది. ఆ రాజు తర్వాత బర్మా జనం కొలిచే ‘నాట్’ దేవతల్లో ఒకడయ్యాడు. ఏడాది తిరక్కుండా సింహాసనం మీద ఇంకా ఇద్దరు కూర్చున్నారు. చివరికి 1426లో మొహ్నిన్ థాడో రాజై నిలదొక్కుకున్నాడు. రాజులు మారారు. విహారదేవి మాత్రం అదే అంతఃపురంలో ఉండిపోయింది. ఆమెను ఏ రాజుకైతే ఇచ్చారో ఆ రాజు లేడు, ఏ సంధి కోసం పంపారో ఆ పని అయిపోయింది. అయినా రమ్మని పిలిచినవాళ్ళు లేరు.

ఈ ఏడేళ్ళలో ఆమెకు దొరికింది చదువు. మోన్ దేశం నుంచి వచ్చి ఆవాలో ఉంటున్న ఇద్దరు భిక్ఖువులు ఆమెకు బుద్ధవచనం బోధించేవారు. వారిలో ఒకరికి అప్పటికి ఇరవై ఏళ్ళ వయసు ఉంటుంది. ఆయనే తర్వాత ధమ్మచేతిగా ప్రసిద్ధుడయ్యాడు, బర్మీయులు ధమ్మజేది అంటారు. పరాయి కోటలో, పరాయి భాష మధ్య, సొంత భాష మాట్లాడే ఇద్దరు భిక్ఖువులు వచ్చి సుత్తాలు చెబుతుంటే ఆమెకు ఎలా ఉండి ఉంటుందో ఊహించుకోవచ్చు. ధమ్మం ఆమెకు పుట్టుకతో వచ్చిందే. కానీ పుట్టుకతో వచ్చిన ధమ్మం వేరు, కష్టంలో కూర్చుని ఒక్కొక్క మాటే అర్థం చేసుకున్న ధమ్మం వేరు. మన ఇళ్ళలో దీక్ష తీసుకున్న మొదటి తరంవాళ్ళకు ఈ తేడా బాగా తెలుసు. వాళ్ళ పిల్లలకు దాన్ని చెప్పడం కొంచెం కష్టమవుతోంది.

1430 ప్రాంతంలో, ఆ ఇద్దరు భిక్ఖువుల సాయంతో ఆమె కోట దాటి, పడవ ఎక్కి, ఐరావతి మీదుగా దిగువకు పారిపోయింది. ముప్ఫై ఆరేళ్ళ వయసు. పట్టుబడితే ఆమెకే కాదు, ఆ భిక్ఖువులకూ ప్రాణాపాయమే.

ఇక్కడ నాకు ఇంకో విహారదేవి గుర్తుకొస్తుంది. సింహళ దేశపు ‘మహావంసం’లో కల్యాణి రాజు కూతురి కథ ఉంది. ఆ రాజు కోపంలో ఒక నిరపరాధి థేరుణ్ణి చంపించి సముద్రంలో వేయించాడు. సముద్రం పొంగి ఊళ్ళను ముంచింది. సముద్రాన్ని శాంతింపజేయడానికి రాజు తన కన్నకూతుర్ని బంగారు పడవలో కూర్చోబెట్టి అలల మీదికి వదిలాడు. తప్పు చేసింది తండ్రి, నీళ్ళపాలైంది కూతురు. ఆ పడవ ఒక విహారం దగ్గర ఒడ్డుకు చేరింది కాబట్టి ఆమె విహారదేవి అయింది, ఆ ప్రాంతపు రాజుకు భార్య అయింది, దుట్ఠగామణికి తల్లి అయింది. హంసావతి రాజవంశంలో ఆడపిల్లకు ఆ పేరు పెట్టినప్పుడు ఆ కథ వాళ్ళకు తెలియకుండా ఉండదు. థేరవాద దేశాల్లో మహావంసం అందరికీ తెలిసినదే. కానీ ఈ విహారదేవి పడవను ఎవరూ నీళ్ళలోకి తోయలేదు. తానే ఎక్కింది. ఇద్దరూ రాజుల తప్పులకు మూల్యం చెల్లించినవాళ్ళే అయినా, నన్ను ఈ రెండో పడవ దగ్గర ఆపింది ఈ తేడాయే.

తిరిగి వచ్చిన చెల్లెల్ని బిన్యా రాన్ ఆదరించాడు. ఆ తర్వాత ఇరవై నాలుగేళ్ళ పాటు ఆమె గురించి చెప్పుకోదగ్గ సంగతులు తక్కువ. 1446లో అన్న పోయాడు, ఆమె కొడుకు రాజయ్యాడు. 1450లో కొడుకూ పోయాడు. ఆ తర్వాత నాలుగేళ్ళలో సింహాసనం కోసం ఒకరినొకరు నరుక్కున్నారు. అడ్డొస్తాడన్న ప్రతి రాకుమారుణ్ణీ ముందే తుడిచిపెట్టారు. 1454 నాటికి రాజాధిరాజు వంశంలో రాజ్యం ఏలడానికి మగవాడు మిగల్లేదు. అప్పుడు, వేరే దారి లేక, అరవై ఏళ్ళ విహారదేవిని సింహాసనం మీద కూర్చోబెట్టారు. సొంత హక్కుతో బర్మాలో సింహాసనమెక్కిన రాణి చరిత్రలో ఆమె ఒక్కతే. ఆమెకు ముందు లేరు, ఆమె తర్వాతా లేరు.

ఆమెను ఎంచుకున్నారు అని రాయాలని ఉంది కానీ అది నిజం కాదు. మగవాళ్ళంతా అయిపోయాక ఆమె మిగిలింది. అయినా ఏలిన తీరు చూస్తే, మిగిలిపోయిన మనిషి ఏలినట్టు లేదు.

ఆమె గురించి మోన్లు చెప్పుకునే చిన్న సంఘటన ఒకటి ఉంది. ఒకసారి రాణి పల్లకిలో ఊరేగింపుగా వెళ్తోంది. ముందు నడిచే భటులు దారిలో ఉన్న ఒక ముసలాయన్ని, ఓ ముసలాడా తప్పుకో అని కసిరారు. ముసలాయనకు ఒళ్ళు మండింది. నేనా ముసలాణ్ణి? నేనింకా బిడ్డను కనగలను, మీ ముసలి రాణి కనగలదా అని అరిచాడు. అప్పటి రాజ్యాల్లో ఆ మాటకు తల ఎగిరిపోవాలి. రాణి ఏ శిక్షా వేయలేదు. ఆ మాటను తీసుకుని తన పేరుగా పెట్టుకుంది. అప్పటి నుంచి తనను బిన్యా థౌ అని, అంటే ముసలి రాణి అని, పిలిపించుకుంది. ఎదుటివాడు తిట్టుగా విసిరిన మాటను తలెత్తుకుని పేరుగా ధరించడమంటే ఏమిటో ఈ పత్రిక పాఠకులకు నేను వివరించనక్కర్లేదు.

ఆమె ఏలుబడిలో హంసావతికి చెప్పుకోదగ్గ యుద్ధాలు లేవు. తండ్రి కాలమంతా యుద్ధం, అన్నదమ్ముల కాలమంతా కత్తులు. ఆమె కాలంలో రేవుల్లో వర్తకం పెరిగింది, జనం ఊపిరి పీల్చుకున్నారు. బ్రిటిష్ చరిత్రకారుడు హార్వీ 1925 నాటి తన బర్మా చరిత్రలో ఒక విషయం రాశాడు. నాలుగు శతాబ్దాల తర్వాత మోన్లు విక్టోరియా రాణిని మెచ్చుకోవాలంటే, షిన్ సోబు మళ్ళీ పుట్టిందని అనేవారట. హార్వీ దాన్ని విక్టోరియాకు గొప్పగా చెప్పాడు. నాకు మాత్రం వేరేగా అనిపిస్తుంది. పరాయి పాలనలో ఉన్న జనం ఆశతో పాలకురాలికి ఒక కొలత చూపించారు. ఆ కొలతకు విక్టోరియా తూగిందా లేదా అన్నది బర్మా చరిత్ర చదివినవాళ్ళకు తెలుసు.

1460 ప్రాంతంలో ఆమె రాజ్యభారాన్ని ధమ్మచేతికి అప్పగిస్తూ తాను డగోన్‌కు వెళ్ళి ఉండిపోయింది. డగోన్ అంటే నేటి యాంగోన్, మన పాతవాళ్ళు ‘రంగం’ అన్న ఊరు. అక్కడి గుట్ట మీదే ష్వెడగోన్ చైత్యం. బుద్ధుని కేశధాతువులు అందులో ఉన్నాయని బర్మా బౌద్ధుల విశ్వాసం. ఆమె తాత బిన్యా ఊ దాన్ని పద్దెనిమిది మీటర్ల ఎత్తుకు కట్టించాడు, మనవరాలు నలభై మీటర్లకు పెంచింది. గుట్టను మెట్లు మెట్లుగా చదును చేయించి, పైన బండలు పరిపించింది. తన ఎత్తు బంగారం తూచి రేకులుగా కొట్టించి చైత్యానికి తాపించింది. అది 25 వీశెలు. ఆ తూనిక పేరు చూశారా, మన వీశెయే. దక్షిణాది వర్తకులతో పాటు సముద్రం దాటింది. అక్కడి వీశె మన వీశె కంటే కొంచెం పెద్దది, ఆ లెక్కన 25 వీశెలు సుమారు 40 కిలోలు. అంటే ముసలి రాణి సన్నగా, ఎముకల గూడులా ఉండి ఉండాలి. ఆ లెక్క చదివినప్పుడు మొదటిసారి ఆమె నాకు విగ్రహంలా కాక మనిషిలా కనిపించింది.

ఇక వారసుడి సంగతి. ఆవా నుంచి తనను దాటించిన ఇద్దరు భిక్ఖువుల్లో ఒకరికి రాజ్యం అప్పగించాలని ఆమె అనుకుంది. ఒక ఉదయం వాళ్ళు భిక్షకు వచ్చినప్పుడు, ఒకరి పాత్రలో అన్నంతో పాటు గృహస్థు కట్టుకునే వస్త్రాన్నీ, అయిదు రాజచిహ్నాల చిన్న బొమ్మలనూ రహస్యంగా పెట్టి, యోగ్యుడికే ఆ పాత్ర చేరాలని మనసులో అనుకుని తిరిగి ఇచ్చింది. అది ధమ్మచేతికి చేరింది. ఆయన చీవరం విడిచి, రాణి కూతుర్ని పెళ్ళాడి, పాలన చేపట్టాడు. కథ ఇంత చక్కగా జరిగిందో లేదో గానీ, ధమ్మచేతి సంఘం నుంచి బయటికి వచ్చి రాజైన మాట, రాణికి అల్లుడైన మాట చరిత్ర.

ప్రభువర్గంలో కొందరికి ఇది నచ్చలేదు. ధమ్మచేతి రాజవంశంలో పుట్టినవాడు కాదు. సామాన్యుల బిడ్డ. అలాంటివాడికి మేమెలా మొక్కుతాం అని గొణిగారు. రాణి వాళ్ళతో వాదన పెట్టుకోలేదు. ఒక వంతెన మీద పరిచిన చెక్కను ఊడదీయించింది. రోజూ మనుషులూ పశువులూ తొక్కుకుంటూ పోయిన చెక్క. దాన్ని శిల్పికిచ్చి బుద్ధవిగ్రహంగా చెక్కించింది. ఆ విగ్రహాన్ని ప్రభువుల ముందు పెట్టింది. నిన్నటి దాకా మీ కాళ్ళ కింద దుమ్ములో ఉన్న చెక్క ఇది, ఇవాళ దీనికి మీరంతా మోకరిల్లడం లేదా అని అడిగింది. వాళ్ళ దగ్గర జవాబు లేదు.

ఈ సంఘటన దగ్గర నేను చాలాసేపు ఆగిపోయాను. వసల సుత్తంలో బుద్ధుడు పుట్టుక గురించి బ్రాహ్మణుడికి చెప్పినదంతా ఈ ఒక్క చెక్కలో ఉంది. శాక్య రాకుమారులు తమ అహంకారం అణగడానికి, ముందు క్షురకుడైన ఉపాలికి దీక్ష ఇవ్వమని కోరి, తర్వాత తామే ఆయనకు మొక్కిన సంగతి వినయపిటకంలో ఉంది. ‘బుద్ధుడు - ఆయన ధమ్మం’లో బాబాసాహెబ్ అంబేద్కర్ ఉపాలికి చోటు ఇచ్చారు. ఆవాలో ఆ భిక్ఖువుల దగ్గర కూర్చుని నేర్చుకున్నది ఆమెకు పుస్తకంలో మిగల్లేదు, పనిలోకి వచ్చింది. ఇంకొకటి కూడా. ఆ చెక్క ఎలా ఉంటుందో ఆమెకు బయటి నుంచి తెలిసినది కాదు. ఇరవై తొమ్మిదో ఏట రెండు రాజ్యాల మధ్య ఆమెనే వంతెనగా పరిచారు. రాజులు దాని మీదుగా నడిచిపోయారు.

అయితే ఒక ప్రశ్న మిగిలి ఉంది. ఆమెకు కూతుళ్ళున్నారు కదా. స్త్రీ రాజ్యం ఏలగలదని తానే నిరూపించిన మనిషి, రాజ్యాన్ని కూతురికి కాక అల్లుడికి ఎందుకు ఇచ్చింది? ప్రభువులు సామాన్యుణ్ణి ఒప్పుకోవడానికే అంత కష్టపడ్డారు, రెండోసారి స్త్రీని ఒప్పుకునేవారు కారని సర్దిచెప్పుకోవచ్చు. సామర్థ్యం చూసింది తప్ప ఆడా మగా చూడలేదని కూడా అనవచ్చు. ధమ్మచేతి సమర్థుడే. 1471 నుంచి 1492 దాకా ఏలాడు. 1476లో 22 మంది థేరులను, వారి శిష్యులను సింహళానికి పంపి, కల్యాణి నదిలో శుద్ధమైన ఉపసంపద ఇప్పించి, వెనక్కి రప్పించి, చీలికలతో ఉన్న సంఘాన్ని ఒక్కటి చేశాడు. ఆ వివరమంతా పెగులోని పది కల్యాణి శిలాశాసనాల్లో ఉంది. అయినా నా మనసు పూర్తిగా సమాధానపడలేదు. పుట్టుక అనే గోడను ఆమె చెక్కతో పగలగొట్టింది. పక్కనే ఉన్న ఇంకో గోడ అలాగే ఉండిపోయింది. 1951లో హిందూ కోడ్ బిల్లు కోసం పోరాడిన బాబాసాహెబ్, అదే ఏడాది ‘మహాబోధి’ పత్రికలో స్త్రీల ఉత్థాన పతనాల గురించి వ్యాసం రాస్తూ, బుద్ధుడు స్త్రీకి సన్యాస హక్కు ఇవ్వడం వల్ల ఆమెకు జ్ఞానానికి దారి తెరుచుకుందని వాదించారు. తెరిచిన దారుల్ని మళ్ళీ ఎవరో ఒకరు మూస్తూనే ఉంటారు. ఒక్కోసారి ఆ దారిలో నడిచి వచ్చినవాళ్ళే తలుపు దగ్గరగా వేసి వెళ్తారు.

ఇంతకంటే బరువైన విషయం ఇంకొకటి ఉంది. బంగారం గురించి రాసేవాళ్ళు చాలామంది దీన్ని ఒక వాక్యంలో దాటేస్తారు. ష్వెడగోన్ పోషణకు రాణి భూములతో పాటు మనుషులనూ రాసిచ్చింది. వంశపారంపర్య బానిసలను. చైత్యం ఊడ్చడం, దీపాలు పెట్టడం, బండలు కడగడం వాళ్ళ పని, వాళ్ళ పిల్లల పని, ఆ పిల్లల పిల్లల పని. అప్పటి బర్మాలో ఇది పుణ్యకార్యంగానే లెక్క. పగాన్ రాజులూ చేశారు, ఆమె తర్వాతి రాజులూ చేశారు. కానీ పగోడా బానిసలతో మిగతా జనం కలిసి తినేవాళ్ళు కాదు, వియ్యమందేవాళ్ళు కాదు. బుద్ధుని చైత్యాన్ని చూసుకునేవాళ్ళే బౌద్ధుల మధ్య అంటరానివాళ్ళయ్యారు. మన జోగిని వ్యవస్థ ఇదీ ఒకటి కాదు. కానీ దేవుడి పేరున ఒక మనిషిని ‘ఇచ్చేయడం’, ఇచ్చాక ఆ మనిషినే మైలగా చూడడం, అది తరాల పాటు వదలకపోవడం, ఈ మూడూ మనకు బాగా తెలిసిన సంగతులే.

తనను ఎవరో ఎవరికో ఇచ్చేస్తే ఏడేళ్ళు నలిగిపోయి పారిపోయిన స్త్రీ, మనుషులను ఇచ్చేసింది. తొక్కిన చెక్క బుద్ధుడు కాగలదని ప్రభువులకు నేర్పిన రాణి, చైత్యం బండలు కడిగేవాళ్ళను తరతరాలు అక్కడే ఉంచింది. ఆమె కాలం అలాంటిది అని ఒక్క మాట అని ఊరుకోవచ్చు. బుద్ధుని కాలమూ అలాంటిదే మరి. ఆమెను తక్కువ చేయడానికి ఇది రాయడం లేదు. బౌద్ధం పేరున నడిచిన రాజ్యాలన్నీ స్వర్గాలని మనలో కొందరు సభల్లో చెప్పేస్తుంటారు. అలా చెప్పడం మనకు తేలిక. కానీ మన ధమ్మం ప్రశ్నించమని చెప్పింది. రాణి చేసిన మంచిని చెప్పి ఆ బానిసల సంగతి దాచిపెడితే, రాజవంశ చరిత్రలు రాసినవాళ్ళకూ మనకూ తేడా ఏముంది?

ష్వెడగోన్ నీడలో మనవాళ్ళూ బతికారు. శ్రీకాకుళం, విశాఖ, గోదావరి జిల్లాల నుంచి రంగం వెళ్ళిన కూలీలు రేవులో బస్తాలు మోశారు, రిక్షాలు లాగారు, వీధులు ఊడ్చారు. వాళ్ళలో మాల, మాదిగ కుటుంబాలవాళ్ళు చాలామంది. కాకినాడ పక్కన కోరంగి రేవు నుంచి ఓడలు పోయేవి కాబట్టి అక్కడ తెలుగువాళ్ళందరికీ ‘కోరంగీలు’ అనే పేరు పడింది. అది కూడా తిట్టుగానే వాడారు. 1930 మేలో రేవు పని దగ్గర మొదలైన గొడవలో బర్మీయ కూలీలూ తెలుగు కూలీలూ ఒకరినొకరు చంపుకున్నారు. ఇద్దరూ పేదవాళ్ళే, ఇద్దరినీ ఆడించింది ఓడల యజమానులు. 1941 డిసెంబరులో జపాన్ బాంబులు పడ్డాక వేలమంది కాలినడకన అడవులు దాటి వెనక్కి వచ్చారు. రానివాళ్ళ కుటుంబాలు ఇప్పటికీ మోన్ రాష్ట్రంలో, విహారదేవి జాతి ప్రజల మధ్య ఉన్నాయి. రంగం నుంచి వచ్చిన పెద్దవాళ్ళు ఆ బంగారు గోపురం దూరం నుంచి ఎలా మెరిసేదో చెప్పేవారు. దాని మీద మొదట తాపించిన 25 వీశెలు ఎవరివో వాళ్ళకు తెలియదు. ఎవరూ చెప్పలేదు.

1954 డిసెంబరులో ప్రపంచ బౌద్ధ సమ్మేళనం మూడో మహాసభలకు బాబాసాహెబ్ రంగూన్ వెళ్ళారు. అప్పటికే ఆరోగ్యం బాగా దెబ్బతిని ఉంది. నాగపూర్ దీక్షకు ఇంకా రెండేళ్ళు కూడా లేదు. ఆ ఊళ్ళో ఎక్కడ నిలబడినా కనిపించేది ఆ చైత్యమే.

1471లో, డెబ్బై ఏడో ఏట, విహారదేవి డగోన్‌లో మంచాన పడింది. లేవలేనని తెలిశాక, ష్వెడగోన్ కనిపించేలా మంచాన్ని తిప్పి వేయమంది. అలా చూస్తూనే కన్నుమూసింది. ఆ సాయంత్రం కూడా గుట్ట మీద దీపాలు వెలిగించినవాళ్ళు, ఆమె రాసిచ్చిన మనుషులే.